మూలాదే సినిమాను మన ఆడవాళ్లకు తెలుగులో చెప్పడం ఎలా

బెంగళూరు బొమ్మనహళ్లిలో ఒక గార్మెంట్ ఫ్యాక్టరీలో జీతాల లెక్కలు రాయడం నా ఉద్యోగం. ఆదివారాలు వీలు చిక్కినప్పుడు సినిమా చెప్తాను. చూపిస్తాను అనడం లేదు, చెప్తాను. తెర పక్కన స్టూలేసుకుని కూర్చుని, బొమ్మలో వాళ్లు బంబారా అనే పశ్చిమ ఆఫ్రికా భాషలో మాట్లాడేది మా కదిరి తెలుగులోకి తిప్పడం. మా లైన్లలో కుట్టేవాళ్లలో కదిరి, మదనపల్లె, రాయచోటి వైపు ఆడవాళ్లు చాలామంది. కింద పరిగెత్తే ఇంగ్లీషు అక్షరాలు వాళ్లకు పనికిరావు. ఇప్పటికి ఒకే సినిమాను అయిదుసార్లు చెప్పాను. మీ పేటలో ఎవరైనా మొదలుపెట్టాలనుకుంటే నేను పడ్డ తిప్పలు మీకు తప్పుతాయని రాస్తున్నా.

సినిమా పేరు మూలాదే, 2004లో వచ్చింది. తీసినాయన సెనెగల్ దేశస్థుడు ఉస్మాన్ సెంబెన్. ఫ్రాన్సులో మార్సెయ్ రేవులో కూలిపని చేశాడు, నవలలు రాశాడు. తన జనంలో ఎక్కువమందికి చదువు రాదు, పుస్తకం వాళ్లదాకా పోదు అని గ్రహించి, నలభై దగ్గరపడే వయసులో మాస్కో వెళ్లి సినిమా నేర్చుకున్నాడు. సినిమా మాకు రాత్రిబడి అనేవాడు. మూలాదే నాటికి ఆయనకు ఎనభై దాటాయి. కాన్ సినిమా పండుగలో దానికి ఒక విభాగం బహుమతి కూడా వచ్చింది. ఇదంతా మీ వరకే. చూసేవాళ్లకు చెప్పకండి. మొదటిసారి నేను పది నిమిషాలు ఈ ఉపన్యాసం దంచితే వెనక వరసలో వేరుశెనక్కాయల పొట్లం విప్పారు.

వాళ్లకు ముందుగా ఇంత చెప్తే చాలు: "ఆ ఊళ్లో ఆడపిల్లలకు కింద కోస్తారు. దాన్ని శుద్ధి అంటారు. కోయించుకోని పిల్లకు పెళ్లి కాదు. ఆరుగురు పిల్లలు తప్పించుకుని పారిపోతారు. నలుగురు కొల్లె అనే ఆవిడ ఇంటికొస్తారు. ఆవిడ తన కూతురిని కోయనియ్యలేదు." మర్మాంగం అనే పేపరు మాట వాడొద్దు. మన ఆడవాళ్లు డాక్టరు దగ్గర కూడా "కింద" అనే అంటారు. పిల్లలు చనిపోతారని, ఒకావిడను కొరడాతో కొడతారని కూడా ముందే చెప్పండి. లేచి పోదలుచుకున్నవాళ్లకు తలుపు పక్కన చోటు ఉంచండి.

అనుమతి సంగతి. డీవీడీ కొన్నంత మాత్రాన పదిమందికి వేసి చూపించే హక్కు రాదు. హక్కులున్న పంపిణీదారుకు ముందే ఈమెయిల్ పెట్టండి: ఎక్కడ, ఎప్పుడు, ఎంతమంది, టికెట్ లేదు. వచ్చిన జవాబు ప్రింటు తీసి సంచిలో పెట్టుకోండి.

ఇక అసలు పని నోటుబుక్. సినిమాను కనీసం మూడుసార్లు చూడండి. మొదటిసారి ఊరికే. రెండోసారి రిమోట్ పట్టుకుని, ఎడమ వైపు నిమిషాలు, కుడి వైపు మాట. మూడోసారి ఎర్ర పెన్నుతో కొట్టేయడం. ఈ కొట్టేయడమే కష్టం. నా మొదటి నోటుబుక్‌లో 61 పేజీలున్నాయి. ప్రతి మాటా చెప్పాను. గంటకే గొంతు పోయింది, అందరూ తెర వదిలేసి నా మొహం చూస్తూ కూర్చున్నారు, హరికథకు వచ్చినట్టు. ఇప్పుడు 14 పేజీలు. ఇద్దరు మనుషులు అయిదు మాటలు అనుకుంటే, ఒక్క మాట చెప్తాను. కోపం, ఏడుపు, బతిమాలుకోవడం ఏ భాషలోనైనా తెలుస్తాయి. వాటి మీద మాట్లాడకండి.

మాటలు ఎంచుకోవడంలో నేను చేసిన పెద్ద పొరపాటు ఒకటుంది. కొల్లె తన భర్తకు రెండో భార్య. పెద్ద భార్య గురించి "సవతి" అని చెప్పాను. అంతే, గదిలో వాళ్లంతా టీవీ సీరియల్ మొదలైనట్టు సర్దుకుని కూర్చుని, ఆవిడ ఎప్పుడు విషం పెడుతుందా అని ఎదురుచూశారు. సినిమాలో ఆవిడ కొల్లె పక్షాన నిలబడుతుంది. మన భాషలో సవతి అన్న మాటకు అంత విషం ఉంది మరి. రెండోసారి నుంచి "ఇంటి పెద్దక్క" అంటున్నాను. భర్త ఒక్కడే అన్న సంగతి బొమ్మే చెప్తుంది.

మూలాదే అంటే శరణు ఇవ్వడం. కొల్లె గుమ్మానికి అడ్డంగా రంగురంగుల తాడు కడుతుంది. అది ఒక్క అంగలో దాటేయగలిగే తాడే, అయినా కోసే ఆడవాళ్లు ఎర్ర బట్టలతో వచ్చి దాని ముందు ఆగిపోతారు. కట్టినామె నోటితో మాట చెప్తే తప్ప అది విప్పడానికి లేదు. ఈ నియమం అర్థం కాకపోతే తర్వాత సినిమా అంతా వృథా. అందుకని ఇక్కడ బొమ్మ ఆపండి. ఒక నిమిషం, నిదానంగా, రెండుసార్లు చెప్పండి. "రక్షణ" అని చూశాను, పోలీసు మాటలా ఉంది. "శరణు" అనగానే ముందు వరసలో పెద్దామె, "ఇచ్చినాక ఎనక్కి తీసుకోకూడదు" అంది. నేను చెప్పబోయేది ఆమే చెప్పేసింది.

రెండో చోట ఆపొద్దు, మీరే ఆగిపోండి. ఊరందరి ముందు కొల్లెను భర్త కొరడాతో కొడతాడు, తాడు విప్పే ఆ మాట చెప్పమని. మగవాళ్లు చెప్పించమని అరుస్తారు, ఆడవాళ్లు చెప్పొద్దని అరుస్తారు. ఇక్కడ నా నోటుబుక్‌లో రెండు పేజీలు ఖాళీ. అయిదుసార్లలో నాలుగుసార్లు గదిలోంచే ఎవరో ఒకరు "చెప్పొద్దు మే!" అన్నారు.

మతం సంగతి ఎవరో ఒకరు ఎత్తుతారు, "తురకల్లో ఇట్లా ఉంటాదా" అని. సిద్ధంగా ఉండండి. ఇది ఇస్లాం కంటే పాతది, ఆఫ్రికాలో క్రైస్తవుల్లోనూ ఉంది. కొల్లె కూడా మతపెద్దే ఇది అవసరం లేదన్నాడని రేడియోలో విన్నానంటుంది. ఆ ఒక్క డైలాగు మాత్రం పూర్తిగా చెప్పండి. సినిమా తీసిన బుర్కినా ఫాసోలో 1996లోనే దీన్ని నిషేధించారు, సెనెగల్‌లో 1999లో. చట్టం వచ్చిన తర్వాత కూడా ఈ సినిమా ఎందుకు తీయాల్సి వచ్చిందన్నది మనకు కొత్తగా చెప్పాలా.

గది గురించి పెద్దగా లేదు. పాత ఫ్లెక్స్ తిరగేసి కడితే దుప్పటి కంటే నయం, ముడతలు పడదు. సినిమా శబ్దం సగానికి తగ్గించి, మైకు లేకుండా మాట్లాడండి. మైకు పెడితే వీధిలో మగవాళ్లందరూ కిటికీ దగ్గరికొస్తారు. ఆదివారం మూడింటికి పెట్టండి, కానీ ఆ రోజు నీళ్ల ట్యాంకరు ఎన్నింటికో కనుక్కుని. ఒకసారి సగం సినిమాలో హారను వినపడి బిందెలతో సహా అందరూ మాయం. ఒక అపార్ట్‌మెంటు హాలు ముందు ఇస్తామని, పనిమనుషులు వస్తారని తెలిశాక లేదన్నారు. అప్పటి నుంచి మా ఓనరమ్మ మేడ మీద రేకుల గదే.

సినిమా అయ్యాక వెంటనే లైటు వేయకండి. టీ ముందు, మాట తర్వాత. "ఈ కథలో నీతి ఏమిటి" అని అడిగితే బడిపిల్లల్లా జవాబిస్తారు. నేను ఒక్కటే అడుగుతాను: "రేడియోలు ఎందుకు తగలబెట్టారు?" ఊరి పెద్దలు ఆడవాళ్ల రేడియోలన్నీ లాక్కుని మసీదు ముందు కుప్ప పోస్తారు. మూడోసారి చెప్పినప్పుడు పదహారేళ్ల పిల్ల, తల్లితో వచ్చింది, "మా ఇంట్లో ఫోన్ తీసేసుకున్నారు" అంది. ఎందుకని ఎవరూ అడగలేదు. తల్లి టీ గ్లాసు వైపు చూస్తూ కూర్చుంది. తర్వాత మెట్ల మీద ఆ పిల్ల నాతో చెప్పింది, ఊళ్లో మేనమామతో ముహూర్తం చూస్తున్నారని.

ఇలాంటి మాట మీ దగ్గరికీ రావచ్చు. గదిలో దాన్ని తిరగదోడకండి. పేరు రాసుకోకండి. 1098 పిల్లల హెల్ప్‌లైన్, రాత్రీ పగలూ ఎత్తుతారు. చట్టం రెండు ముక్కల్లో తెలిసి ఉండాలి: 2006 బాల్యవివాహ నిషేధ చట్టం ప్రకారం పెళ్లికి అమ్మాయికి 18, అబ్బాయికి 21 నిండాలి. కర్ణాటక 2016 సవరణ ప్రకారం ఇక్కడ బాల్యవివాహం మొదటినుంచీ చెల్లదు. ఆంధ్రలో చేస్తే ఆ పిల్ల కోర్టుకెళ్లి రద్దు చేయించుకోవాలి, అదీ 20 నిండేలోపు. అందుకే ఊరికి తీసుకెళ్లకముందే ఫోన్ చేయడం మేలు. నేను ఆ పిల్ల చేతిలో నా ఫోన్ పెట్టి పక్కన నిలబడ్డాను, అంతే.

ఇప్పుడు రెండో నోటుబుక్ మొదలుపెట్టాను. సాఫీ ఫాయే తీసిన మొస్సానే, 1996. ఈవిడదీ సెనెగలే. ఫ్రాన్సులో ఉన్న మనిషికి పుట్టినప్పుడే మాటిచ్చేసిన పద్నాలుగేళ్ల అమ్మాయి కథ. మూడు పేజీలయ్యాయి. అబ్బాయి తరఫున పంపే సొమ్మును కట్నం అంటే తిరగబడిపోతుంది. ఓలి అనాలి. మా అవ్వకు తెలిసిన మాట, లైన్లో ఇరవై ఏళ్ల పిల్లలకు తెలుస్తుందో లేదో రేపు భోజనాల వేళ అడగాలి.