మరో దేశం తరఫున షటిల్ ఆడాలంటే: నెల్లూరు, ప్రకాశం కుటుంబాలు ముందుగా చూసుకోవలసినవి

కావలి, కందుకూరు, ఒంగోలు ప్రాంతాల నుంచి అమెరికా, ఆస్ట్రేలియా, సింగపూర్ వెళ్లి స్థిరపడిన కుటుంబాల్లో పిల్లలు చిన్న వయసులోనే రాకెట్ పట్టి జూనియర్ టోర్నమెంట్లలో రాణించటం ఇప్పుడు అరుదేమీ కాదు. అప్పటి ప్రకాశం జిల్లాలోని నాగండ్లలో పుట్టిన పుల్లెల గోపీచంద్ 2001లో ఆల్ ఇంగ్లండ్ బ్యాడ్మింటన్ టైటిల్ గెలిచినప్పటి నుంచి మన వైపు ఈ ఆటపై మోజు తగ్గలేదు. ఆట ఒక స్థాయికి చేరాక బిడ్డ ఏ దేశం తరఫున ఆడాలన్న ప్రశ్న ఇంట్లో తప్పక వస్తుంది. దానికి జవాబు వెతికేటప్పుడు కోచ్ సలహా కంటే ముందు పౌరసత్వ చట్టాన్ని, క్యాలెండరును పక్కపక్కన పెట్టుకుని చూడాలి. ఆటలో వెనుకబడితే సాధనతో పుంజుకోవచ్చు గానీ, తేదీ తప్పితే నాలుగేళ్లకొకసారి వచ్చే ఒలింపిక్స్ చేజారిపోతుంది.

అసలు దేశం మారవలసిన అవసరం ఉందో లేదో మొదట తేల్చుకోవాలి. విదేశంలో నివసించటం, అక్కడి క్లబ్బులో ఆడటం, ఆ దేశానికి ప్రాతినిధ్యం వహించటం మూడూ వేర్వేరు విషయాలు. జర్మనీ, డెన్మార్క్, ఫ్రాన్స్ క్లబ్ లీగులలో ఇతర దేశాల క్రీడాకారులు తమ పాస్‌పోర్టు మార్చుకోకుండానే ఆడుతున్నారు, దానికి పారితోషికం కూడా అందుకుంటున్నారు. కానీ ప్రపంచ బ్యాడ్మింటన్ సమాఖ్య నిర్వహించే అంతర్జాతీయ టోర్నమెంట్లకు ఎంట్రీ ఏదో ఒక దేశపు జాతీయ సంఘం ద్వారానే వెళ్లాలి కాబట్టి, మొదటి ఎంట్రీ పంపేనాటికే ఏ సంఘమన్నది నిర్ణయమై ఉండాలి.

భారత రాజ్యాంగం, 1955 నాటి పౌరసత్వ చట్టం ద్వంద్వ పౌరసత్వాన్ని అనుమతించవు. ఇష్టపూర్వకంగా మరో దేశపు పౌరసత్వం తీసుకున్న రోజునే భారత పౌరసత్వం పోతుంది. ఆ తర్వాత భారత పాస్‌పోర్టుతో ప్రయాణించటం నేరం. ఆ పాస్‌పోర్టును భారత రాయబార కార్యాలయానికి అప్పగించి సరెండర్ సర్టిఫికెట్ తీసుకుంటేనే ఓసీఐ (విదేశీ పౌరులైన భారత సంతతివారికి ఇచ్చే ‘ఓవర్సీస్ సిటిజన్ ఆఫ్ ఇండియా’) కార్డుకు దరఖాస్తు చేసుకునే వీలుంటుంది. ఓసీఐ కార్డు ఉంటే వీసా లేకుండా వచ్చిపోవచ్చు, ఇక్కడ ఎంతకాలమైనా ఉండవచ్చు. అయితే ఓటు హక్కు ఉండదు, ప్రభుత్వోద్యోగానికి అర్హత ఉండదు. భారత జట్టులో ఆడాలంటే భారత పాస్‌పోర్టు ఉండి తీరాలని కేంద్రం 2008లోనే స్పష్టం చేసింది గనుక, ఓసీఐ కార్డు చూపించి ఇక్కడి జట్టులోకి రావచ్చన్న ఆశ పెట్టుకోకూడదు. రైల్వేలో గానీ, రాష్ట్ర ప్రభుత్వంలో గానీ క్రీడల కోటా ఉద్యోగం సంపాదించాలన్న ఆలోచన కూడా అక్కడితో ముగుస్తుంది.

పొలం సంగతి మన జిల్లాల వారు ప్రత్యేకంగా తెలుసుకోవాలి. పెన్నా కింది మాగాణి అయినా, కందుకూరు వైపు పొగాకు పండే మెట్ట అయినా, వ్యవసాయ భూమిని ఓసీఐ కార్డుదారు కొనకూడదు, దానంగా పొందకూడదు. వారసత్వంగా సంక్రమిస్తే మాత్రం ఉంచుకోవచ్చు. విదేశంలో నివసించే భారత పౌరులకు కూడా ఇదే ఆంక్ష ఉంది. కానీ పౌరసత్వం నిలుపుకున్నవారు తిరిగి వచ్చి ఇక్కడే స్థిరపడితే అది తొలగిపోతుంది. కూతురికి పసుపు కుంకుమ కింద రెండెకరాలు రాసివ్వాలనుకునే తండ్రి, ఆమె పాస్‌పోర్టు మారకముందే న్యాయవాదిని అడగటం మంచిది. బ్యాడ్మింటన్ గురించి చెబుతూ భూమి ప్రస్తావన ఎందుకని కొందరికి అనిపించవచ్చు గానీ, ఇళ్లలో గొడవలు వచ్చేది ఎక్కువగా ఇక్కడే.

ఆ తర్వాత చూడవలసింది నివాస కాలం. అమెరికాలో గ్రీన్ కార్డు వచ్చాక సాధారణంగా 5 సంవత్సరాలకు పౌరసత్వానికి అర్హత వస్తుంది, ఆ 5 సంవత్సరాలలో కనీసం 30 నెలలు అక్కడే ఉండాలి, ఒక్క ప్రయాణమే 6 నెలలు దాటితే చిక్కులు మొదలవుతాయి. కెనడాలో 5 సంవత్సరాల వ్యవధిలో 1,095 రోజులు దేశంలో ఉండాలి. ఆస్ట్రేలియాలో 4 సంవత్సరాల చట్టబద్ధ నివాసం కావాలి, అందులో చివరి సంవత్సరం శాశ్వత నివాసిగా ఉండాలి, ఆ చివరి సంవత్సరంలో 90 రోజులకు మించి దేశం దాటకూడదు. ఉద్యోగం చేసుకునే వారికి ఇవి పెద్ద కష్టం కావు. ఏడాది పొడవునా మలేసియా, ఇంగ్లండ్, ఇండోనేసియా, డెన్మార్క్ అంటూ తిరిగే క్రీడాకారులకు మాత్రం ప్రతి టోర్నమెంటూ ఈ లెక్కలోంచి రోజులను తినేస్తుంది. అందుచేత ప్రతి రాకపోకకూ తేదీలు రాసిపెట్టుకుని, దరఖాస్తు సంవత్సరంలో టోర్నమెంట్లను కావాలనే తగ్గించుకోవటం వివేకం. గల్ఫ్‌లో ఉన్న కుటుంబాలు ఈ దారి గురించి ఆలోచించకపోవటమే మేలు, అక్కడ ఎన్నేళ్లున్నా పౌరసత్వం లభించటం చాలా అరుదు.

సింగపూర్ విషయం వేరు. మలేసియాలోని పెనాంగ్‌లో పుట్టిన లోహ్ కీన్ యూ బాల్యంలోనే సింగపూర్ క్రీడా పాఠశాలలో చేరి, 2015లో ఆ దేశ పౌరుడై, తప్పనిసరి సైనిక సేవ కూడా పూర్తి చేసి, 2021లో స్పెయిన్‌లోని హుయెల్వాలో ప్రపంచ ఛాంపియన్ అయ్యారు. ఆ ఫైనల్లో 21-15, 22-20తో ఆయన చేతిలో ఓడినది మన తెలుగువాడు కిదాంబి శ్రీకాంత్ కావటం వల్ల ఆ మ్యాచ్ ఇక్కడ చాలామందికి గుర్తుండే ఉంటుంది. సింగపూర్‌లో శాశ్వత నివాసం పొందిన తల్లిదండ్రుల మగపిల్లలకు సైనిక సేవ వర్తిస్తుంది. సుమారు రెండేళ్లపాటు సాగే ఆ సేవ సరిగ్గా ఆట పదునెక్కే వయసులో వస్తుంది. ఆ దేశం కూడా ద్వంద్వ పౌరసత్వాన్ని ఒప్పుకోదు. దీన్ని ముందే లెక్కలో వేసుకున్న కుటుంబాలకే ఆ దారి అచ్చివస్తుంది.

ఇక ఒలింపిక్ నిబంధన. ఒలింపిక్ చార్టర్ 41వ నియమం ప్రకారం క్రీడాకారులు తాము ప్రాతినిధ్యం వహించే దేశపు పౌరులై ఉండాలి. ఒక దేశం తరఫున ఒలింపిక్స్‌లో గానీ, ఖండ స్థాయి క్రీడల్లో గానీ, ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో గానీ ఆడి, తర్వాత జాతీయత మార్చుకున్నవారు, చివరిసారి పాత దేశానికి ఆడిన తేదీ నుంచి కనీసం 3 సంవత్సరాలు ఆగాలి. రెండు దేశాల ఒలింపిక్ సంఘాలు, అంతర్జాతీయ సమాఖ్య అంగీకరిస్తే ఈ గడువును తగ్గించవచ్చు, పూర్తిగా తీసివేయవచ్చు. కానీ పాత సంఘం దయ మీద జీవితాన్ని నిలబెట్టుకోవటం సరైన ప్రణాళిక కాదు. కాబట్టి మారాలన్న ఆలోచన ఏ కొంచెం ఉన్నా, పిలుపు వచ్చింది కదా అని పాత దేశపు జెర్సీ వేసుకుని పెద్ద పోటీలలో దిగే ముందు ఈ 3 సంవత్సరాలను లెక్కపెట్టుకోవాలి.

పౌరసత్వం ఆలస్యమైతే ఏమవుతుందో బెయివెన్ జాంగ్ జీవితం చెబుతుంది. చైనాలో పుట్టి, సింగపూర్ తరఫున ఆడి, 2013 నుంచి అమెరికా తరఫున బరిలోకి దిగిన ఆమెకు, పౌరసత్వం లేనందున 2016 రియో ఒలింపిక్స్‌లో అవకాశం దక్కలేదు. 2018లో ఢిల్లీలో జరిగిన ఇండియా ఓపెన్ ఫైనల్లో పి.వి. సింధును ఓడించేంత ఆట ఆమె దగ్గర ఉంది. ఒలింపిక్ కోర్టులో అడుగుపెట్టింది మాత్రం టోక్యోలో, 30 ఏళ్లు దాటాక. అక్కడ కూడా మ్యాచ్ మధ్యలో మడమ స్నాయువు తెగి ఆగిపోయారు. ఇండోనేసియాకు 2000 ఒలింపిక్ స్వర్ణం తెచ్చిన టోనీ గునవాన్ 2005లో హోవార్డ్ బాక్‌తో కలిసి అమెరికాకు ప్రపంచ డబుల్స్ టైటిల్ సాధించి పెట్టారు. అయినా పౌరసత్వం 2011లో గానీ రాకపోవటంతో అమెరికా తరఫున ఆయన ఒలింపిక్స్ ఆడింది 2012లోనే. ఇతర పోటీల్లో ఆడనిస్తున్నారు కదా అని ధీమాగా ఉండకూడదని ఈ ఇద్దరినీ చూసి గ్రహించవచ్చు.

దేశం మారితే లాభం ఎంతన్నది స్థానాల లెక్క మీద ఆధారపడి ఉంటుంది. ఒలింపిక్ సింగిల్స్‌లో ఒక దేశం నుంచి ఇద్దరు వెళ్లాలంటే ఇద్దరూ మొదటి 16 ర్యాంకుల్లో ఉండాలి. లేకపోతే ఒక్కరికే చోటు. భారత్, చైనా, ఇండోనేసియా వంటి దేశాల్లో మంచి క్రీడాకారులు ఇంట్లోనే ఆగిపోవటానికి ఇదొక కారణం. చైనాలో పుట్టి జర్మనీకి ఆడిన షు హువాయివెన్ 2006, 2008 సంవత్సరాల్లో యూరప్ ఛాంపియన్ అయ్యారు. ఫ్రాన్స్‌కు ఆడిన పీ హోంగ్యాన్ 2009లో మన హైదరాబాద్‌లోనే ప్రపంచ కాంస్యం అందుకున్నారు. వీరికి దారి తెరిచింది యూరప్ క్లబ్బులే.

లాభం పక్కనే ఖర్చు కూడా ఉంది. ప్రపంచ ర్యాంకు 52 వారాల్లో ఆడిన వాటిలో ఉత్తమమైన 10 టోర్నమెంట్ల పాయింట్లతో లెక్కిస్తారు కాబట్టి, ర్యాంకు నిలవాలంటే ఏడాదంతా విమానాలెక్కుతూనే ఉండాలి. హైదరాబాద్ అకాడమీలో దొరికే సాధన భాగస్వాములు, కోచ్‌లు, ఫిజియోలు చిన్న బ్యాడ్మింటన్ దేశంలో దొరకరు. బెయివెన్ జాంగ్ చాలాకాలం సొంత ఖర్చుతో, కోచ్ లేకుండానే టోర్నమెంట్లు తిరిగారు. అందుకే ఒక్క జట్టు స్థానం కోసం ఎవరూ ఎరగని దేశానికి వెళ్లటాన్ని నేను సమర్థించను. కుటుంబం ఇప్పటికే వేళ్లూనుకుని, బిడ్డ చదువు, స్నేహాలు అక్కడే ఉన్నచోట మాత్రం మారటం సహజమైన నిర్ణయం.

అన్నీ ఆలోచించుకుని ముందుకు వెళ్లదలిస్తే, కొత్త దేశపు సంఘం నుంచి ఎంపిక విధానం, ప్రయాణ ఖర్చుల భాగస్వామ్యం, పౌరసత్వం రాకముందు ఏయే పోటీలకు ఎంట్రీ పంపుతారన్న విషయం రాతపూర్వకంగా తీసుకోవాలి. పాత సంఘం నుంచి నిరభ్యంతర పత్రం, చివరిసారి ఆ దేశానికి ఆడిన పోటీ పేరు, తేదీ కూడా ఫైలులో ఉండాలి. మనసు మారితే తిరిగి వచ్చే దారి కూడా ఉంది గానీ అది పొడవైనది. ఓసీఐగా 5 సంవత్సరాలు నమోదై ఉండి, దరఖాస్తుకు ముందు 12 నెలలు భారత్‌లో నివసించినవారు భారత పౌరసత్వానికి దరఖాస్తు చేసుకోవచ్చు. అందుకు రెండో దేశపు పౌరసత్వాన్ని వదులుకోవాలి, ఒలింపిక్స్ కోసమైతే ఆ దేశానికి చివరిసారి ఆడిన తేదీ నుంచి 3 సంవత్సరాల గడువు మళ్లీ వర్తిస్తుంది.