విశాఖలో పాత కారు చూస్తున్నారా? ముందు కిందికి వంగండి

సమస్య: పైన పెయింటు తళతళలాడుతోంది, డోరు కింది అంచున వేలు పెడితే మాత్రం పొక్కులు తగులుతున్నాయి.

కారణం: ఉప్పుగాలి. బీచ్ రోడ్డు, పెద వాల్తేరు వైపు ఏళ్ల తరబడి ఆరుబయట నిలిపిన కారు మీద ఉప్పు పేరుకుంటుంది. అది గాలిలోని తేమను పట్టి ఉంచుతుంది కాబట్టి వాన లేని రోజు కూడా ఇనుము చెమ్మగానే ఉంటుంది. డోరు అడుగున నీళ్లు పోయే చిన్న రంధ్రాలు మట్టితో పూడుకుపోతే తుప్పు లోపలి నుంచే మొదలవుతుంది. పొక్కు కనబడేసరికి రేకు చాలావరకు పోయి ఉంటుంది.

మేము మొదట కొన్న కారుకు స్టెఫ్నీ (డిక్కీలో ఉండే స్పేర్ టైరు) తీసి చూడలేదు. రెండో వానాకాలం రోడ్డు మీది నీళ్లు చిమ్మి డిక్కీలోని బియ్యం బస్తా తడిసిపోయింది. టైరు ఎత్తితే కింద రేకుకు అరచేయంత చిల్లు. టింకరింగ్ షెడ్డులో కొత్త రేకు వెల్డింగ్ చేయించాం. ముందే చూసి ఉంటే ఆ డబ్బు బేరంలోనే తగ్గించుకునేవాళ్లం.

పరిష్కారం: స్టెఫ్నీ తీయండి, మ్యాట్లు ఎత్తండి, కారును లిఫ్టు ఎక్కించి చూపించమనండి. జేబులో చిన్న అయస్కాంతం పెట్టుకోండి. ఇనుప రేకు మీద అది అంటుకోని చోట పుట్టీ (సొట్టలు, చిల్లులు పూడ్చే ముద్ద) మందంగా పెట్టారని అర్థం. పైపై తుప్పయితే గీకించి, ప్రైమర్ వేసి, అండర్ బాడీ కోటింగ్ చేయిస్తే చాలు. గీకకుండా కోటింగ్ వేస్తే తడి లోపలే ఉండి ఇంకా తినేస్తుంది. అందుకే అమ్మకానికి ముందు కొత్తగా నల్ల కోటింగ్ వేయించిన కారంటే నాకు భయం. సస్పెన్షన్ బిగించే చోట గానీ బండి బరువు మోసే చట్రంలో (ఛాసిస్) గానీ స్క్రూడ్రైవర్ మొన దిగబడితే ఎంత చవగ్గా ఇచ్చినా వద్దు. ఇంట్లో పిల్లలు కూర్చునే బండి అది.

ఏపీ 31 నంబరు అంటే విశాఖ కారని తెలిసేది. 2019లో రాష్ట్రమంతటికీ ఏపీ 39 వచ్చాక నంబరును బట్టి చెప్పలేం. ఆర్‌సీలో చిరునామా చూడండి, బండి ఎక్కడ పార్క్ చేసేవారో అడగండి. 2014 అక్టోబరుకు ముందువైతే హుద్‌హుద్ తుపాను దెబ్బ తిన్నవీ ఉండొచ్చు. టాప్ మీద రంగు తేడా ఉందేమో ఎండలో చూడండి.

సమస్య: ఏసీ వేయగానే ముక్కిన వాసన.

ఏసీ నీళ్లు పోయే పైపు మూసుకుపోయినా, క్యాబిన్ ఫిల్టర్ పాడైనా ఈ వాసన వస్తుంది. అది చిన్న ఖర్చే. కానీ సీటు బెల్టు చివరిదాకా లాగితే బురద చార కనబడిందా, సీటు పట్టాలకు తుప్పుందా, అప్పుడు బండి నీళ్లలో మునిగినట్టే అనుకోవాలి. వైరింగ్ ఎప్పుడు మొరాయిస్తుందో ఏ మెకానిక్కూ చెప్పలేడు. వదిలేయండి.

సమస్య: సింహాచలం ఘాట్‌లో ఇంజిన్ అరుస్తోంది, బండి కదలట్లేదు.

క్లచ్ ప్లేటు అరిగింది. ప్లేటుతో పాటు ప్రెజర్ ప్లేటు, బేరింగ్ కూడా మార్పించి, ఆ ఖర్చు ధరలో తగ్గించమని అడగండి.

సమస్య: లోను తీరిందంటున్నారు, ఆర్‌సీలో బ్యాంకు పేరు అలాగే ఉంది.

తీర్చినంత మాత్రాన పేరు దానంతటది పోదు. బ్యాంకు ఎన్‌వోసీ (అభ్యంతరం లేదనే పత్రం), ఫారం 35 ఇచ్చి తీయించాకే మిగతా డబ్బు ఇవ్వండి. మీ పేరుకు మార్చుకోవడానికి ఫారం 29, 30 కావాలి. ఇన్సూరెన్స్ కూడా 14 రోజుల్లోగా మీ పేరుకు మార్చమని కంపెనీకి దరఖాస్తు పెట్టండి.