పీసీ-98 ఎమ్యులేషన్, 3వ పాఠం: ఖాళీ ఫైలు హార్డ్‌డిస్క్ అయ్యేదెలా

పోయిన పాఠంలో ఫ్లాపీ ఇమేజ్‌తో, అంటే ఫ్లాపీలోని సమాచారమంతా ఉన్న ఫైలుతో, ఎంఎస్-డాస్ అనే పాత ఆపరేటింగ్ సిస్టమ్‌ను బూట్ చేశాం. ప్రతిసారీ ఫ్లాపీలు మార్చుకుంటూ కూర్చోవడం విసుగు కాబట్టి ఈసారి హార్డ్‌డిస్క్ పెడదాం. మన మెషిన్ ఎన్ఈసీ కంపెనీ వాళ్ల పీసీ-98 వరుసలోని పీసీ-9801, 1982లో జపాన్‌లో వచ్చింది. ఎమ్యులేటర్, అంటే ఆ మెషిన్‌లా నటించే ప్రోగ్రాం, పోయినసారి వాడిందే: నెకో ప్రాజెక్ట్ 2. నెకో అంటే జపనీస్‌లో పిల్లి.

ఎమ్యులేటర్ మెనూలో కొత్త డిస్క్ ఆప్షన్‌కి వెళ్లి హెచ్‌డీఐ (హార్డ్‌డిస్క్ ఇమేజ్ ఫైలులో ఒక రకం) ఎంచుకుని 40 ఎంబీది చేయండి. ఇప్పుడు ఆ ఫైలు సైజు బైట్లలో చూడండి: 4,15,68,256. ఈ అంకె ఎలా వచ్చింది? డిస్కు మీది చోటును ట్రాకులనే వలయాలుగా, వాటిని సెక్టార్లనే ముక్కలుగా లెక్కిస్తారు: 615 సిలిండర్లు (ఒకే వరుసలోని ట్రాకుల గుంపులు), 8 హెడ్లు (ఒక్కో సిలిండర్‌లో హెడ్‌కో ట్రాకు), ట్రాకుకి 33 సెక్టార్లు, సెక్టారుకి 256 బైట్లు. గుణిస్తే 4,15,64,160. మిగిలిన 4,096 బైట్లు ముందుండే హెడర్. ఈ కొలతలన్నీ అందులోనే రాసి ఉంటాయి, ఎమ్యులేటర్ వాటిని చూసే డిస్కును అర్థం చేసుకుంటుంది. ఎన్‌హెచ్‌డీ అనే ఇంకో రకానికి హెడర్ వేరు. ఆ సంగతి తెలియక నేను ఫైలు పేరు చివర హెచ్‌డీఐ తీసేసి ఎన్‌హెచ్‌డీ అని పెట్టి, ఎందుకు తెరుచుకోదని ఒక రాత్రంతా జుట్టు పీక్కున్నాను.

ఫైలు తగిలించాక ఫ్లాపీతోనే బూట్ చేసి, ఫార్మాట్ కమాండ్ పక్కన స్లాష్, హెచ్ (FORMAT /H) కొట్టండి. మెనూ అంతా జపనీస్‌లో ఉంటుంది, టెన్షన్ వద్దు. రెండు మాటలు గుర్తుపడితే చాలు. ముందు 'షోకికా', అంటే డిస్కును సిద్ధం చేయడం. తర్వాత 'ర్యోఇకి కకుహో', అంటే అందులో చోటు కేటాయించడం. రెండో దాంట్లో సిస్టమ్ ఫైళ్లు కూడా ఎక్కించమని చెప్పాలి. అది మర్చిపోతే డిస్కు నుంచి బూట్ అవదు.

ఫ్లాపీ తీసి రీసెట్ చేయండి. 'ఏ' (A) డ్రైవ్ ప్రాంప్ట్, అంటే కమాండ్ కొట్టమని అడిగే గుర్తు, వస్తుంది. బ్యాక్‌స్లాష్ ఉండాల్సిన చోట యెన్ గుర్తు కనిపిస్తుంది, అది తప్పు కాదు, జపాన్ పద్ధతి.

అసలు తిరకాసు ఇక్కడుంది. మామూలు ఐబీఎం పీసీలో 'ఏ', 'బీ' అక్షరాలు ఎప్పుడూ ఫ్లాపీలవే, హార్డ్‌డిస్క్ 'సీ'. పీసీ-98లో ఎక్కడి నుంచి బూట్ అయితే అదే 'ఏ' డ్రైవ్. హార్డ్‌డిస్క్‌లో ఒకే భాగం ఉంటే ఫ్లాపీలు బీ, సీ అవుతాయి. అందుకే రెండో ఫ్లాపీ కోసం బీ డ్రైవ్‌లో వెతికే పాత ప్రోగ్రాం ఇప్పుడు మొదటి ఫ్లాపీ దగ్గరికి పోయి తికమకపడుతుంది. అలాంటప్పుడు దాని బ్యాచ్ ఫైలు (కమాండ్లు వరుసగా రాసి ఉండే ఫైలు) తెరిచి డ్రైవ్ అక్షరాలు మార్చండి. అంతకన్నా ముందు ఎమ్యులేటర్ మూసేసి, ఆ హెచ్‌డీఐ ఫైలుకి ఒక కాపీ తీసి పక్కన పెట్టండి.