రీరికార్డింగ్‌లో సన్నివేశాన్ని లయకు కట్టడం ఎలా?

పాటలన్నీ ముగిశాక సంగీత దర్శకుడి ముందుకు వచ్చే పెద్ద పని నేపథ్య సంగీతం. మన పరిశ్రమలో దానినే రీరికార్డింగ్ అంటారు. కృష్ణానగర్‌లోనో యూసుఫ్‌గూడలోనో చిన్న గది అద్దెకు తీసుకుని మొదటి సినిమాకు కూర్చునేవారు చాలామంది వెంటనే కీబోర్డు మీద చేయి వేస్తారు. అంతకంటే ముందు దర్శకుడిని, ఎడిటర్‌ను పక్కన కూర్చోబెట్టుకుని, ప్రతి రీలులోనూ, అంటే సినిమాను విడదీసిన ప్రతి భాగంలోనూ, సంగీతం ఎక్కడ మొదలై ఎక్కడ ఆగాలో టైమ్‌కోడ్‌తో (గంట, నిమిషం, సెకను, ఫ్రేము లెక్కతో) సహా రాసుకోవాలి. సంగీతం అక్కరలేని చోట్లను కూడా అదే కాగితం మీద రాసి ఒప్పించుకోండి; లేకపోతే చివరి వారంలో ఎవరో ఒకరు అక్కడ వయొలిన్లు అడుగుతారు.

ఎడిటింగ్ ఖరారైందని రూఢి చేసుకోనిదే పని ప్రారంభించకూడదు. నా తొలి చిత్రంలో ఒక సన్నివేశం ఒకటిన్నర సెకను తగ్గిందన్న సంగతి నాకు మిక్సింగ్ (మాటలు, శబ్దాలు, సంగీతం కలిపే పని) రోజున గానీ తెలియలేదు. అప్పటి నుంచి ప్రతి వీడియో ఫైలు పేరులోనూ తేదీ, వెర్షన్ సంఖ్య ఉండాలని పట్టుబడుతున్నాను.

ఇక అసలు విషయమైన లయకు వద్దాం. ఒక తల్లి ఇంట్లో ఒంటరిగా ఎదురుచూస్తోంది, సంగీతం మొదలైన 37.5 సెకన్లకు తలుపు తెరుచుకుంటుంది అనుకోండి. నిమిషానికి 72 దెబ్బల వేగం పెట్టుకుంటే అప్పటికి 45 దెబ్బలు గడుస్తాయి; ఎనిమిది అక్షరాలకు (దెబ్బలకు) ఒక ఆవర్తనం, అంటే ఒక చుట్టు, పూర్తయ్యే ఆది తాళంలో లెక్కిస్తే తలుపు ఆరో ఆవర్తనంలో ఆరో అక్షరం మీద తెరుచుకుంటుంది, అంటే ఎక్కడా ఆనని చోట. వేగాన్ని 64కు తగ్గిస్తే సరిగ్గా 40 దెబ్బలు, అంటే 5 ఆవర్తనాలు పూర్తయి తలుపు సమం మీద, అంటే కొత్త ఆవర్తనం మొదటి దెబ్బ మీద, పడుతుంది. కావలసిన దెబ్బల సంఖ్యను 60తో గుణించి సెకన్లతో భాగిస్తే వేగం వస్తుంది. అయితే ప్రతి కదలికనూ ఇలా సమానికి చేరిస్తే సన్నివేశం తోలుబొమ్మలాటలా కనిపిస్తుంది కనుక, ఒక సన్నివేశంలో ఒక్క క్షణాన్నే ఎంచుకోవడం నాకు అలవాటు. ఆ క్షణం కూడా ఎప్పుడూ తలుపే కానక్కరలేదు. తలుపు చప్పుడు విన్నాక తల్లి తల తిప్పే చోటు చాలాసార్లు అంతకంటే బలంగా ఉంటుంది.

సంభాషణ నడుస్తున్నప్పుడు ఆ గొంతు పలికే స్థాయిలోనే వాయిద్యం పలికితే రెండూ వినిపించవు. స్త్రీ గొంతు కింద చెల్లో మంద్రంలో నిలబడితే మాటకు అడ్డు రాదు. అదే స్థాయిలో వయొలిన్ తిరిగితే మిక్సింగ్‌లో దానినే ముందు తగ్గిస్తారు.

పని పూర్తయ్యాక 48 కిలోహెర్ట్జ్, 24 బిట్ వేవ్ ఫైళ్లుగా, లయ వాద్యాలు, తీగ వాద్యాలు, కీబోర్డులు, సోలోలు వేటికవి విడదీసి, అన్నీ రీలు మొదలయ్యే బిందువు నుంచే ఎగుమతి చేసి ఇవ్వండి. అప్పుడు తలుపు కిర్రుమనే చోట మృదంగం ఎక్కువైందనిపిస్తే, మిక్సింగ్ ఇంజనీరు తీగ వాద్యాల జోలికి పోకుండా దానినొక్కదానినే తగ్గించగలుగుతారు.