గ్లోరియోసా సుపర్బా: అడవినాభి శాస్త్రీయ నామాన్ని చదవడం, రాయడం, వాడుకోవడం

వానలు పడి పొదలు చిక్కబడిన తరువాత, శ్రావణ భాద్రపదాలలో నల్లమల అంచుల్లోనూ తూర్పు కనుమల దారుల వెంబడీ ముళ్ళపొదలను ఊతగా చేసుకొని పైకి పాకే ఒక తీగకు నిప్పురంగు పూలు పూస్తాయి. ప్రాంతాన్ని బట్టి దానిని అడవినాభి, అగ్నిశిఖ, పొత్తిదుంప, కలప్పగడ్డ అని పిలుస్తారు. వృక్షశాస్త్రంలో దాని పేరు గ్లోరియోసా సుపర్బా. ఆ రెండు మాటలను ఎలా అర్థం చేసుకోవాలో, ఎలా రాయాలో, ఏయే సందర్భాలలో తప్పకుండా వాడాలో ఇక్కడ వివరిస్తున్నాను. అందంగా ఉన్నంత మాత్రాన ఇది అమాయకమైన మొక్క కాదు. దుంప నుంచి గింజ వరకు అంతా విషమే. అందుకే ఈ పేరును సరిగా వాడడం పాండిత్యం కోసం మాత్రమే అనుకోకూడదు.

పేరు పెట్టి పిలిచే ముందు మొక్కను పోల్చుకోవాలి. దీనికి రెండు గుర్తులు చాలు. మొదటిది ఆకు కొస: ఆకు చివర సన్నగా సాగి, చుట్ట చుట్టుకొని, నులితీగలా పక్క కొమ్మను పట్టుకుంటుంది. నులితీగ వేరే అవయవంగా పుట్టదు, ఆకే ఆ పని చేస్తుంది. రెండవది పువ్వు: అలలలా ముడతలు పడిన అంచులు గల ఆరు రేకులు కిందికి వాలకుండా వెనక్కి మడిచి పైకి లేస్తాయి, విప్పారినప్పుడు ఆకుపచ్చ కలిసిన పసుపుగా ఉండి, తరువాత రేకు అడుగున పసుపు, పైన ఎరుపు అయి, వాడే ముందు పూర్తిగా ఎర్రబడతాయి. ఆరు కేసరాలు చక్రం ఆకుల్లా పక్కలకు చాచుకుంటాయి. కీలం, అంటే అండాశయం మీది సన్నని కాడ, మొదలు దగ్గరే దాదాపు లంబంగా విరిగినట్టు వంగి ఒక పక్కకు తిరుగుతుంది. ఈ వంపును దగ్గరగా చూసినవారు మరో పువ్వును దీనిగా పొరబడరు.

ఇక పేరు. మొదటి మాట గ్లోరియోసా ప్రజాతిని, అంటే దగ్గరి చుట్టరికం గల జాతుల గుంపును, చెబుతుంది. ‘కీర్తితో నిండినది’ అని లాటిన్ భాషలో దాని అర్థం. రెండవ మాట సుపర్బా జాతిని చెబుతుంది. దానికి ‘వైభవం గలది’ అనే అర్థంతో పాటు ‘గర్వం గలది’ అనే పాత అర్థం కూడా ఉంది. రోము చివరి రాజుగా చరిత్ర చెప్పుకొనే టార్క్వినియస్‌కు సుపర్బస్ అనే బిరుదు ఆ గర్వం వల్లనే వచ్చింది. పువ్వు విషయంలో వైభవం అనే అర్థమే పొసగుతుంది. రెండూ పొగడ్తలే అన్నది గమనించాలి: రంగు గురించి గాని, దుంప గురించి గాని, పుట్టిన చోటు గురించి గాని ఈ పేరులో ఒక్క సమాచారమూ లేదు. శాస్త్రీయ నామం అంటే మొక్క లక్షణాల వర్ణన అని చాలామంది అనుకుంటారు. కొన్ని పేర్లలో అది నిజమే గాని ఇక్కడ కాదు. అర్థం విప్పి మొక్కను గుర్తుపట్టాలని చూస్తే ఈ పేరు సాయపడదు.

రెండవ మాట చివర ‘ఆ’కారం ఎందుకు ఉందో తెలుసుకుంటే ఇంకా ఎన్నో పేర్లు సులువుగా చదవవచ్చు. లాటిన్‌లో విశేషణం విశేష్యపు లింగాన్ని అనుసరిస్తుంది. సంస్కృతంలో సుందరః, సుందరీ, సుందరం అని మారడం తెలిసినవారికి ఇది కొత్త కాదు. గ్లోరియోసా స్త్రీలింగం కాబట్టి సుపర్బా అయింది. అదే మాట పుంలింగమైన డయాంథస్ పక్కన డయాంథస్ సుపర్బస్ అవుతుంది. నపుంసకలింగమైన లిలియం పక్కన లిలియం సుపర్బం అవుతుంది. ఆ మూడూ మూడు వేరు వేరు మొక్కలు, మూడింటికీ పేరు పెట్టినవాడు ఒక్కడే. కాబట్టి సుపర్బా అనే మాట ఒంటరిగా ఏ మొక్కనూ సూచించదు. గ్లోరియోసా కూడా రెండవ స్థానంలోకి వస్తే వేరే మొక్క పాలవుతుంది: యుక్కా గ్లోరియోసా అమెరికాకు చెందిన, కత్తుల వంటి ఆకులు గల మొక్క. రెండు మాటలూ, అదే వరుసలో, కలిసి ఉంటేనే అది పేరు.

ఆ పేరు పెట్టినవాడు స్వీడన్ దేశీయుడైన కార్ల్ లిన్నేయస్. మొక్కల ద్వినామ పద్ధతికి ఆధారంగా నేటికీ అంగీకరించే అతని 1753 నాటి గ్రంథం స్పీషీస్ ప్లాంటేరంలో ఇది ఉంది. అయితే అంతకు ముందే ఈ మొక్కకు ఐరోపా పుస్తకాల్లో మరో పేరు ఉండేది, ఆ పేరు మన దక్షిణాది నుంచి వెళ్ళింది. డచ్చి వారి కాలంలో కేరళ తీరపు మొక్కలను వర్ణిస్తూ 1678 నుంచి 1693 వరకు ఆమ్‌స్టర్‌డాంలో పన్నెండు సంపుటాలుగా వెలువడిన హోర్టస్ మలబారికస్‌లో ఇది మెందోని అనే మలయాళ నామంతోనే బొమ్మతో సహా కనిపిస్తుంది. ఆ మలయాళ మాటనే లాటిన్ రూపంలోకి తిప్పి మెథోనికా అన్నారు. ప్రజాతుల పేర్లు గ్రీకు లాటిన్ మూలాల నుంచే రావాలన్నది లిన్నేయస్ నియమం. మెథోనికా పోయి గ్లోరియోసా వచ్చింది. పాత పేరును కొందరు పందొమ్మిదవ శతాబ్దం దాకా వదలలేదు కాబట్టి, ఆనాటి పుస్తకాలలో మెథోనికా సుపర్బా అని కనబడితే అది ఈ మొక్కేనని గ్రహించాలి. మలయాళపు మాట శాస్త్రనామంగా నిలిచిపోయి ఉంటే ఎంత బాగుండేదో అనిపిస్తుంది గాని, నియమం ప్రకారం ఇప్పుడు చెల్లే పేరు మాత్రం గ్లోరియోసాయే.

మన పేర్లు పొగడ్తలు కావు, మొక్కలో కంటికి కనిపించేదాన్ని చూపిస్తాయి. అగ్నిశిఖ పువ్వును చూసి పెట్టిన పేరు. సంస్కృతంలో దీనిని లాంగలి అంటారు. లాంగలం అంటే నాగలి. తవ్వి చూస్తే దుంప రెండు పాయలుగా, ఒక పాయ పొడుగ్గా ఒకటి పొట్టిగా, నాగలి ఆకారంలో వంగి ఉంటుంది. కలప్పగడ్డ అనడంలోనూ అదే పోలిక ఉంది, తమిళంలో కలప్పై అంటే నాగలే. ఇంత చక్కని పేర్లుండగా లాటిన్ పేరుతో పనేమిటని అడగవచ్చు. ఈ పేర్లే మరికొన్ని మొక్కలకూ ఉండడం వల్లనే ఆ పని పడింది. అమరకోశాన్నే చూడండి: వనౌషధి వర్గంలో లాంగలికీ అనే మాటకు పర్యాయంగా అగ్నిశిఖా అని స్త్రీలింగంలో ఉంటుంది, మనుష్య వర్గంలో కుంకుమపువ్వు పేర్ల వరుసలో కాశ్మీరజన్మ పక్కనే అగ్నిశిఖం అని నపుంసకలింగంలో ఉంటుంది. సంస్కృతంలో లింగభేదం కాపాడిన తేడా తెలుగులోకి వచ్చేసరికి చెరిగిపోయి, రెండూ అగ్నిశిఖ అయ్యాయి. ఒకటి పాయసంలో వేసుకొనేది, ఒకటి ప్రాణం తీసేది.

నాభి అనే మాటతో ప్రమాదం ఇంకా ఎక్కువ. తెలుగులో ఉత్త నాభి అన్నా, వసనాభి అన్నా హిమాలయాలలో పెరిగే అకోనైటం అనే మరో విషపు దుంప. అడవినాభికీ దానికీ చుట్టరికం లేదు. అకోనైటం విషం త్వరగా పనిచేసి గుండె లయను దెబ్బ తీస్తుంది. గ్లోరియోసా సుపర్బాలో ప్రధాన విషం కోల్చిసిన్: తిన్న కొన్ని గంటలకు వాంతులు, విరేచనాలు మొదలై, తగ్గినట్టు కనిపించినా, రోజుల తరువాత రక్తకణాలు పడిపోయే స్థితికి తీసుకువెళ్ళగలదు. చికిత్స, పరిశీలన ఎన్నాళ్ళు అన్నది ఏ దుంప అన్నదానిని బట్టి ఉంటుంది. చిలగడదుంప అనుకొనో అడవి గడ్డ అనుకొనో ఎవరైనా దీనిని తింటే, లక్షణాల కోసం ఎదురుచూడకుండా వెంటనే ఆసుపత్రికి తీసుకువెళ్ళాలి. మిగిలిన దుంపనూ, వీలైతే ఆకూ పువ్వూ ఉన్న కొమ్మనూ వెంట పట్టుకెళ్ళాలి. వైద్యుడితో ‘నాభి తిన్నాడు’ అని ఆపేయకుండా ‘గ్లోరియోసా సుపర్బా కావచ్చు, కోల్చిసిన్ ఉండే మొక్క’ అని చెప్పాలి. మొక్క ఏదో గట్టిగా తెలియకపోతే ‘కావచ్చు’ అనే మాటను వదలకూడదు.

మందుల విషయంలోనూ ఇదే జాగ్రత్త కావాలి. ఆయుర్వేదం లాంగలిని ఉపవిషాలలో చేర్చింది, శుద్ధి చేయకుండా వాడరాదని చెప్పింది. మన దేశపు ఔషధ నియమాలలోని ఇ(1) షెడ్యూలు విష ద్రవ్యాల పట్టికలో లాంగలి, వత్సనాభి (పైన చెప్పిన వసనాభి) విడివిడిగా, వేరు వేరు శాస్త్రీయ నామాలతో ఉన్నాయి. కాబట్టి ఏదైనా మందు చీటీ మీద దేశీయ నామం మాత్రమే ఉంటే పక్కన శాస్త్రీయ నామం ఏమిటో అడిగి తెలుసుకోవడం మీ హక్కు. చెప్పలేనివారి దగ్గర ఆ సరుకు కొనకపోవడమే మంచిది. ఇంట్లో దుంప అరగదీసి వాడుకొనే ప్రయత్నం ఎంత తెలిసినవారు చెప్పినా చేయవద్దు.

రాసే పద్ధతికి వస్తే, రోమన్ లిపిలో ప్రజాతి పేరు మొదటి అక్షరం పెద్దదిగా, జాతి పేరు అంతా చిన్న అక్షరాలలో ఉండాలి. అచ్చులో రెండు మాటలూ వాలు అక్షరాలలో ఉంటాయి, చేతిరాతలో ఒక్కొక్క మాట కింద విడిగా గీత గీస్తారు. చివర వచ్చే ‘ఎల్.’ అనే ఒంటి అక్షరం లిన్నేయస్ సంతకం వంటిది. వృక్షశాస్త్రంలో ఆ అక్షరం అతనికే కేటాయించారు, అది వాలు అక్షరంలో ఉండదు. ఒక వ్యాసంలో పేరు ఒకసారి పూర్తిగా రాశాక, తరువాత ప్రజాతి మొదటి అక్షరం, చుక్క, జాతి పేరు రాస్తే సరిపోతుంది. అయితే జి అక్షరంతో మొదలయ్యే మరో ప్రజాతి అదే వ్యాసంలో ఉంటే పూర్తి పేరే రాయడం మేలు.

తెలుగు లిపికి పెద్ద అక్షరాలు లేవు. కాబట్టి ఇక్కడ మనం పాటించవలసినవి వేరు. రెండు మాటలనూ కలిపి ఒకటిగా రాయకూడదు, మధ్య అడ్డగీత పెట్టకూడదు. విభక్తి ప్రత్యయం రెండవ మాటకు చేర్చాలి: గ్లోరియోసా సుపర్బాను, గ్లోరియోసా సుపర్బాలో. గ్లోరియోసా అన్నా గ్లోరియోజా అన్నా తప్పు లేదు, లాటిన్ ఉచ్చారణ దేశానికొక తీరుగా ఉంది; ఒక రచనలో మాత్రం ఒకే రూపం వాడాలి. మొదటిసారి రాసినప్పుడు దేశీయ నామం, శాస్త్రీయ నామం, కుటుంబం మూడూ ఇవ్వడం నాకు మంచి అలవాటుగా తోస్తుంది. కుటుంబం విషయంలో పాత పుస్తకాలు లిలియేసీ అంటాయి. ఇప్పుడు అంగీకరిస్తున్నది కోల్చికేసీ. నల్లసముద్రం తీరాన ఉన్న పురాతన కోల్చిస్ ప్రాంతం పేరు మీద కోల్చికం అనే ప్రజాతికి ఆ పేరు వచ్చింది, దాని నుంచే కుటుంబానికీ, కోల్చిసిన్‌కూ వచ్చింది. ఇంగ్లీషులో దీనిని పిలిచే ‘ఫ్లేమ్ లిల్లీ’ పేరులో లిల్లీ ఉన్నా ఇది లిల్లీల కుటుంబంలోది కాదన్నమాట.

వెతికేటప్పుడు పర్యాయనామాలను మరువకూడదు. ఆఫ్రికా నుంచి ఆగ్నేయాసియా వరకు వ్యాపించిన ఈ తీగలో రంగు, రేకుల వెడల్పు చోటు చోటుకూ మారుతుంటే, వాటిని వేరు జాతులుగా భావించి వేరు పేర్లు పెట్టారు. గ్లోరియోసా రోత్‌షీల్డియానా అలాంటిది, నేడు అది గ్లోరియోసా సుపర్బాలోనే కలిసింది. లండన్‌లోని క్యూ ఉద్యానం నడిపే వెబ్‌సైటు ‘ప్లాంట్స్ ఆఫ్ ద వరల్డ్ ఆన్‌లైన్’లో పాత పేరు ఇచ్చినా ఇప్పటి పేరుకు దారి చూపుతుంది. తోటల వ్యాపారంలో రోత్‌షీల్డియానా ఒక సాగు రకం పేరుగా మిగిలింది. అలాంటి పేరును వాలు అక్షరాలు లేకుండా ఒంటి ఉల్లేఖన చిహ్నాల మధ్య రాస్తారు. గింజల పొట్లం కొనేటప్పుడు మరో మాట గుర్తుంచుకోవాలి: గ్లోరియోసా డైసీ అని అమ్మేది రడ్‌బెకియా అనే చామంతి కుటుంబపు మొక్క. తమిళనాడులో గింజల కోసం, అంటే వాటిలోని కోల్చిసిన్ కోసం, దీనిని పొలాల్లో సాగు చేస్తారు. అక్కడ రైతులు కణ్‌వలిక్కిళంగు అంటారు. ఆ రాష్ట్రపు అధికారిక పుష్పంగా మాత్రం సెంగాందళ్ అనే సంగకాలపు (ప్రాచీన తమిళ సాహిత్య కాలపు) పేరుతో ప్రసిద్ధి. జింబాబ్వేకు కూడా ఇదే జాతీయ పుష్పం. పేరును బట్టి వివరాలు వెతికేవారు ఈ పేర్లన్నిటినీ ప్రయత్నించి చూడాలి.

అడవిలో ఈ తీగ కనబడితే దుంప తవ్వకుండా, చేతితో నలపకుండా ఫొటోలు తీయండి. పువ్వును పక్క నుంచి తీస్తే కీలపు వంపు తెలుస్తుంది. ఆకు కొసను విడిగా తీయండి. మొక్కల, జంతువుల పరిశీలనలను నమోదు చేసే వెబ్‌సైట్లయిన ఇండియా బయోడైవర్సిటీ పోర్టల్‌లో గాని ఐనేచురలిస్ట్‌లో గాని గ్లోరియోసా సుపర్బా పేరుతో తేదీ, స్థలం జోడించి పెట్టండి. దానితో పాటు ఆ ఊరివారు దానిని ఏమని పిలుస్తున్నారో అడిగి, విన్నది విన్నట్టుగా తెలుగు లిపిలో, ఊరి పేరు, మండలం పేరుతో సహా రాయండి. పొత్తిదుంప ఏ పల్లె దాకా, కలప్పగడ్డ ఏ పల్లె నుంచి అన్నది అలా చేర్చుకుంటూ పోతేనే తెలుస్తుంది.