ముల్గా మొక్కను గింజ నుంచి పెంచే విధానం

మధ్య ఆస్ట్రేలియాలో ఆలిస్ స్ప్రింగ్స్ చుట్టూ ఉన్న ఎర్రనేలల్లో ఏడాదికి సగటున 300 మిల్లీమీటర్ల వాన కూడా కురవదు. ఆ నేలల్లో పొదగానూ చిన్న చెట్టుగానూ పెరిగే ముల్గా అనే వాటిల్ (అకేషియా చెట్లకు ఆస్ట్రేలియాలో వాడుక పేరు) జాతి, అంటే అకేషియా అన్యూరా, మన తుమ్మకు చుట్టమే. ఆస్ట్రేలియాలోని పొడి ప్రాంతాలలో స్థిరపడి, పెరట్లో దీనిని పెంచదలచినవారు ముందుగా గింజ స్వభావాన్ని తెలుసుకోవాలి.

కాయలు ఎండి గోధుమరంగుకు తిరిగాక, అవి పగిలి గింజలు రాలకముందే కోయాలి. గింజ పైపొర గట్టిది కనుక నీరు సులువుగా లోపలికి దిగదు. నీటిని మరిగించి, పొయ్యి మీద నుంచి దించిన తరువాత గింజల మీద పోసి, రాత్రంతా అలాగే నాననివ్వాలి. గింజలను పొయ్యి మీద ఉడికిస్తే అవి చచ్చిపోతాయి. తెల్లవారేసరికి ఉబ్బిన గింజలను విత్తుకుని, ఉబ్బనివాటిని గరుకు కాగితంతో కొద్దిగా రుద్ది మళ్ళీ నానబెట్టవచ్చు.

తల్లివేరు లోతుకు పోతుంది కాబట్టి పొడవైన సన్నని కుండీలు, నీరు నిలవని ఇసుక మట్టి అవసరం. గింజ మందానికి రెండింతల లోతులో విత్తితే చాలు. ఎదిగిన ముల్గా కింది మట్టి గుప్పెడు దొరికితే కలపండి. వేరుబుడిపెలలో నత్రజనిని స్థిరీకరించే బాక్టీరియా దానితోపాటే వస్తుంది. భాస్వరం ఎక్కువగా ఉన్న ఎరువులు మాత్రం వేయవద్దు.

మొదట వచ్చే ఆకులు అచ్చం తుమ్మాకుల్లా ఉంటాయి. ఆ తరువాత సన్నని, బూడిద కలిసిన ఆకుపచ్చ రేకులు వస్తాయి. అవి నిజానికి ఆకులు కావు, చదునుగా మారిన ఆకుకాడలు. ఈ మార్పును తెగులుగా భావించి మందులు కొట్టకండి.

నాకు ఈ మొక్కలో అన్నిటికన్నా అబ్బురమనిపించేది అది వాన నీటిని పట్టుకునే తీరు. కొమ్మలూ ఆ రేకులూ పైకి నిగిడి ఉండడం వల్ల, వాటి మీద పడ్డ చినుకుల్లో చాలా భాగం కాండం వెంబడి జారి చెట్టు మొదలు దగ్గరే ఇంకుతుంది. అందుచేత కొమ్మలను గుండ్రంగా కత్తిరించకుండా, రాలిన చెత్తను ఊడ్చివేయకుండా ఉంచాలి. ఆ చెత్తను చెట్టు దగ్గర తగలబెట్టడం ఇంకా ప్రమాదం, ఎందుకంటే కాలిన ముల్గా చాలావరకు తిరిగి చిగురించదు.

నేలలో నాటిన మొదటి వేసవిలో నీరు అరుదుగా, కానీ వేర్ల లోతుకు దిగేలా పోయాలి. రోజూ కొద్దికొద్దిగా తడిపితే వేర్లు పైపైనే ఉండిపోతాయి. మొక్క కుదురుకున్నాక, సుదీర్ఘమైన కరువు వచ్చినప్పుడు తప్ప వాననీరే దానికి సరిపోతుంది.