మెటల్ ఆల్బమ్‌కి కవర్ వేయాలంటే: పని రాకముందే బొమ్మ వేసి పెట్టుకోండి

హెవీ మెటల్ (గిటార్లు హోరెత్తే రాక్ సంగీతం) బ్యాండ్‌లకి కవర్లు వేయాలని ఉంది, మొదటి పని ఎలా దొరుకుతుందని కుర్రాళ్లు నన్ను అడుగుతుంటారు. పని కోసం ఎదురుచూడకండి, ముందు బొమ్మ వేసేయండి. ఐరన్ మెయిడెన్ అనే బ్రిటిష్ బ్యాండ్ కవర్ల మీద కనిపించే శవంలాంటి బొమ్మ ఎడ్డీ అలాగే వచ్చాడు. 1980లో వచ్చిన వాళ్ల మొదటి ఆల్బమ్ నాటికే ఆ బొమ్మ చిత్రకారుడు డెరెక్ రిగ్స్ దగ్గరుంది; బ్యాండ్ వాళ్లు బొమ్మకి జుట్టు పెంచమన్నారు, పెంచాడు. 1989లో బ్రెజిల్ బ్యాండ్ సెపుల్తురా ఆల్బమ్ ‘బినీత్ ద రిమైన్స్’ మీద కనిపించే పుర్రె కూడా చిత్రకారుడు మైకేల్ వీలన్ అంతకుముందే వేసుకున్న పెయింటింగే.

పది బొమ్మలు పూర్తి చేయండి. స్కెచ్‌లు లెక్కలోకి రావు.

నెట్‌లో ఫొటో చూసి వేసిన పుర్రె అందరి పుర్రెలాగే ఉంటుంది. నేను మా వీధిలో మటన్ కొట్టాయన్ని అడిగి కొమ్ములతో మేక తల తెచ్చుకున్నాను. దానికంటూ ఒక పాత గిన్నె కేటాయించి, సన్నటి మంట మీద ఉడికించాను. ఉడికాక కొమ్ముల పై తొడుగు ఊడి వస్తుంది, దాన్ని పక్కన దాచుకోండి. ఎముకని మాత్రమే హైడ్రోజన్ పెరాక్సైడ్‌లో నానబెట్టి, ఎండాక తొడుగులు మళ్లీ తొడగాలి. రాత్రి లైట్లన్నీ ఆర్పి, కింద నుంచి ఫోన్ టార్చ్ పట్టాను. కంటి గుంత అంచు మీద వెలుగు సన్నటి గీతలా నిలిచింది. లోపల నేననుకున్న నలుపు లేదు, ముదురు గోధుమరంగు ఉంది. అప్పటి నుంచి నీడలో ఉత్త నలుపు వేయడం మానేశాను.

ప్రింటింగ్‌లోనూ అదే నన్ను కాపాడుతోంది. స్క్రీన్ మీద కనిపించిన నీడలు కాగితం మీద ఒకే మసి ముద్దవుతాయి. నా తొలి కవర్‌లో వెనకున్న అడవంతా అలాగే పోయింది. అందుకే నీడల్ని కాస్త తేల్చి, ప్రూఫ్ (నమూనా ప్రింటు) తీయించి చూడండి. ఎల్‌పీ (పెద్ద వినైల్ రికార్డు) అట్ట పన్నెండు అంగుళాలకి కాస్త ఎక్కువే. 300 డీపీఐకి, అంటే అంగుళానికి 300 చుక్కల లెక్కన, దాదాపు 3,700 పిక్సెళ్లు, అంచుల్లో కోతకి అదనం. నేను 4,000కి తగ్గను. తర్వాత ఫోన్‌లో గోరంత సైజులో చూస్తాను. అప్పుడూ ఆకారం తెలియాలి.

పైన మూడో వంతు ఖాళీగా ఉంచండి. మెటల్ బ్యాండ్ పేరు రాసే లోగో ముళ్లకంపలా ఉంటుంది, దాని వెనక పొగో ఆకాశమో ఉండాలి, వివరాలు వద్దు.

డబ్బు సంగతి. బొమ్మ అమ్మడం వేరు, వాడుకునే హక్కు ఇవ్వడం వేరు. ఒక బ్యాండ్‌కి కవర్ కోసమని నోటిమాట మీద ఇచ్చాను, వాళ్లు టీషర్టులూ వేసి అమ్ముకున్నారు. నాకు పైసా రాలేదు, ఇప్పటికీ బాధే. ఈ సంగీతంలో టీషర్టులే పెద్ద ఆదాయం కాబట్టి కవర్, టీషర్టు, పోస్టర్ విడివిడిగా రాయించుకోండి. గడువు కూడా రాయండి. రాయకపోతే మన కాపీరైట్ చట్టం 19వ సెక్షన్ దాన్ని ఐదేళ్లుగా లెక్కేస్తుంది. సగం డబ్బు ముందే తీసుకోండి.

ఇక బ్యాండ్‌లకి రాయండి. మొదటి ఆల్బమ్ రికార్డింగ్‌లో ఉన్నవాళ్లే త్వరగా జవాబిస్తారు. వాళ్ల పాటలు విని, వాటికి సరిపోయే మూడు బొమ్మలే చిన్న సైజులో పంపండి. పెద్ద ఫైల్ డబ్బు అందాకే.